గూట్లోంచి గొంతు

నిశ్శబ్దంలో మాట అందించడం నేరమని ఇరవయ్యొమ్మిదేళ్ళ ఉద్యోగంలో సొలాంజ్‌కు ఎవరూ చెప్పలేదు. మంగళవారం మధ్యాహ్నం రిహార్సల్లో తెలిసింది.

స్టేజీ ముందంచున, సరిగ్గా మధ్యలో, చెక్క మూత కప్పిన గూడు ఉంది. నటులు మరిచిన మాట అందించే ప్రాంప్టర్, అంటే సొలాంజ్, కిందినుంచి నిచ్చెన ఎక్కి అందులో కూర్చోవాలి. తల ఒక్కటే స్టేజీ మట్టానికి వస్తుంది. జనం వైపు మూత, నటుల వైపు కంత. వాళ్ళ బూట్లు, మోకాళ్ళు, పైనుంచి రాలే దుమ్ము, ఇదీ ఆమె లోకం. ఒళ్ళో నాటకం ప్రతి, పక్కన నీలం కాగితం చుట్టిన చిన్న దీపం, కాళ్ళ కింద వేడి ఇటుక. పారిస్ జనవరిలో ఆ ఇటుక లేకపోతే రెండో అంకానికి కాళ్ళు మనవి కావు.

ఆ మధ్యాహ్నం పైన గాస్తోన్ బ్రిసో గొడుగు పట్టుకుని నిలబడ్డాడు. అరవై ఎనిమిదేళ్ళ మనిషి. పెద్ద వీధుల్లోని పెద్ద థియేటర్లలో మొగుళ్ళ వేషాలు, మామగార్ల వేషాలు వేసి, ఇప్పుడీ సందులోని ఎనభై కుర్చీల థియేటర్‌కు వచ్చాడు. ఎదురుగా తలుపు దగ్గర మిరేయ్, పాతికేళ్ళ పిల్ల. ఈ ఇద్దరే నాటకమంతా. ఒక ముసలాయన తనది కాని గొడుగు తిరిగి ఇచ్చేయడానికి ఒకింటికి వస్తాడు, ఆ గొడుగు ఎవరిదో ఆ ఇంటి పిల్లకు తెలియదు. అంతే కథ. అంతే అంటే రాసినాయనకు కోపం వస్తుంది గాని, అంతే.

“ఈ గొడుగు మీదేనా?” అన్నాడు గాస్తోన్.

“కాదండీ,” అంది మిరేయ్.

తరువాత గాస్తోన్ నోరు తెరవలేదు. సొలాంజ్ కాగితం చూసింది. ‘నిశ్శబ్దం’ అని ఉంది. సరే, ఉంటుంది. ఆమె ఎరిగిన నాటకాల్లో నిశ్శబ్దమంటే రెండు ఊపిర్లు. రెండయ్యాయి. మూడు, నాలుగు, ఐదు. అయ్యో, ముసలాయనకు మాట తప్పిపోయింది అనుకుంది. పెదాలు ముందుకు చాచి, వదిలే ఊపిరి మీద మెత్తగా, “అయితే ఎవరిదై…” అని అందించింది. ఎప్పుడూ మొదటి రెండు మాటలే ఇవ్వాలి. మొత్తం ఇస్తే నటుడికి అవమానం.

“ఎవరది?” అని హాలు వెనకనుంచి కేక వచ్చింది.

రాసినాయన, రెమి కాల్వే, మెడకు మఫ్లర్ చుట్టుకుంటూ కుర్చీల మధ్యనుంచి గబగబా వచ్చి, స్టేజీ ఎక్కి గూటి ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. ముప్పై మూడేళ్ళుంటాయి. దర్శకుడూ ఆయనే.

“మదామ్, అక్కడ నేనేమని రాశాను?”

“నిశ్శబ్దమని రాశారు, మొస్యూ.”

“మరి మాట్లాడారే?”

“ఎంతసేపో రాయలేదు కదండీ. ఐదు ఊపిర్లు చూశాను. మనిషి మునిగిపోతున్నాడేమోనని…”

“మునగనివ్వండి! ఆ మునగడమేనమ్మా నా నాటకం!”

మిరేయ్ కిసుక్కున నవ్వింది. గాస్తోన్ మాత్రం నవ్వలేదు. గొడుగు కర్ర మీద వేళ్ళు బిగించి, ఎటో చూస్తూ నిలబడ్డాడు.

“ఇందులో నలభై మూడు నిశ్శబ్దాలున్నాయి,” అన్నాడు రెమి. “మాటలకంటే వాటికే ఎక్కువ కష్టపడ్డాను. ఇంకొక్కసారి వాటిలో వేలు పెట్టకండి.”

ఒక్క ముక్క గీకి కష్టమట! కానీ సొలాంజ్ పైకి అనలేదు. అనదగ్గ మనిషైతే ఇరవయ్యొమ్మిదేళ్ళు గూట్లో ఎందుకు కూర్చుంటుంది?

సాయంత్రం థియేటర్ యజమానురాలు మదామ్ పెర్నెల్ ఆమెను టికెట్ల గదిలోకి పిలిచింది. ఆ థియేటర్‌కు యజమానీ ఆవిడే, టికెట్లమ్మేదీ ఆవిడే, చలికాలం బొగ్గు పొయ్యి ఊదేదీ ఆవిడే.

“చూడు సొలాంజ్, కొత్త నాటకాలకు ప్రాంప్టర్లెందుకని ఆయన మొదటినుంచీ గొడవ. నేనే పట్టుబట్టి నిన్ను ఉంచాను. ఇప్పుడు నా మాట కూడా చెల్లేట్టు లేదు. జనం ముందు ఇంకొక్కసారి నీ గొంతు వినబడిందా, గూటికి చెక్కలు కొట్టించేస్తానంటున్నాడు. వడ్రంగిని మాట్లాడుకున్నాడు కూడా.”

“నోరు కుట్టేసుకుంటాను, మదామ్.”

“ఊరికే అనడం కాదు.”

“ఊరికే అనడం లేదు.”

నిజంగానే ఊరికే అనలేదు. థియేటర్‌కు సెలవైన సోమవారాల్లో సొలాంజ్ ఎవరితోనూ మాట్లాడదు. ఐదో అంతస్తులో గది, కిటికీకి ఎదురుగా గోడ. రొట్టె కొట్టు ఆవిడతో ఒక మాట, మెట్ల కింద కాపలావాడితో ఒక మాట, అదీ వాడు తలెత్తితే. మంగళవారానికి గొంతు తుప్పు పట్టిన తలుపులా ఉంటుంది. గూట్లో కూర్చుంటే మాత్రం ప్రేమలూ పోట్లాటలూ చావు కబుర్లూ అన్నీ ఆమె పెదాల మీదనుంచే పోతాయి. మాట తప్పి గుండె ఆగబోయే క్షణంలో ఒక మనిషి తనవైపు చూస్తాడు. గూటికి చెక్కలు కొడితే వారమంతా సోమవారమే.

బుధ, గురువారాలు ఆమె కొత్తగా పని నేర్చుకుంది, యాభై ఏడేళ్ళ వయసులో. రాసిన నిశ్శబ్దమేదో, తప్పిపోయిన మాటేదో కాగితం చెప్పదు, మనిషి చెప్పాలి. గాస్తోన్ కావాలని ఆగినప్పుడు ఊపిరి పొట్టలోంచి వస్తుంది, భుజాలు కిందికి ఉంటాయి. మాట తప్పిపోతే భుజాలు చెవులకేసి లేస్తాయి, బొటనవేలు కోటు కుట్టు మీద పైకీ కిందికీ పోతుంది, ఆపైన చూపు గూటివైపు వస్తుంది. చూపు వచ్చేదాకా ఆగితే ఆలస్యమైనట్టే. ప్రతిలో ఎక్కడెక్కడ ఆయన ఊపిరి తీసుకుంటాడో పెన్సిల్‌తో సున్నాలు చుట్టింది.

గురువారం వీధి మూల మీది హోటల్లో ఆమె, గాస్తోన్ కలిసి ఉల్లిపాయ సూపు తాగారు. గాస్తోన్ చొక్కా కఫ్ లోపల సిరాతో చిన్న చిన్న అక్షరాలున్నాయి. ఆమె చూసిందని ఆయన చూశాడు.

“చాకలి గుర్తు,” అన్నాడు.

“ఈ కాలం చాకళ్ళు బాగా చదువుకున్నారు,” అంది సొలాంజ్.

ఆయన నవ్వాడు. ఆ తరువాత చెయ్యి బల్ల కిందికి దింపేసుకున్నాడు.

“ఇక్కడ కూడా కాదంటే ఎక్కడికి పోతాను చెప్పండి? నేనుండే చోట నా గది నంబరు తెలిసినవాళ్ళే గాని పేరు తెలిసినవాళ్ళు లేరు.”

శుక్రవారం సాయంత్రం మొదటి ప్రదర్శన. పత్రికలవాళ్ళు నోటు పుస్తకాలతో మొదటి రెండు వరసల్లో కూర్చున్నారు. సొలాంజ్ ఇటుకను రెండుసార్లు వేడి చేయించుకుని గూట్లోకి ఎక్కింది. మొదటి అరగంట మెల్లగా, క్షేమంగా నడిచింది. దగ్గులు, కుర్చీల కిర్రు, అక్కడక్కడ ఒక నవ్వు. తలుపు దగ్గర నిలబడి మిరేయ్ అడిగింది.

“ఇంతకీ మీరెవరండీ?”

జవాబు ఉంది. ‘పేరుతో పనేముంది, గొడుగు తీసుకోండి.’ అక్కడ రాసిన నిశ్శబ్దం లేదు. సొలాంజ్ కాగితం మీది సున్నా మీద వేలు పెట్టి పైకి చూసింది. గాస్తోన్ భుజాలు లేచాయి. బొటనవేలు కుట్టు మీద ఒకసారి పైకి పోయింది, కిందికి పోయింది. తరువాత ఆయన కళ్ళు గూట్లోకి వచ్చాయి.

‘పేరుతో…’ అన్న మాట ఆమె నాలుక చివరనే ఉంది. పెదాలు ముందుకు చాచింది కూడా. హాలు ఎంత నిశ్శబ్దంగా ఉందంటే, ఊపిరి వదిలినా మొదటి వరసకు వినబడుతుంది. రెమి హాలు వెనక గోడకు ఆనుకుని ఉన్నాడు. వడ్రంగిని మాట్లాడుకున్నాడు కూడా.

సొలాంజ్ పెదాలు మూసుకుంది.

ఆయన చూస్తూనే ఉన్నాడు. ముందు చూపుతోనే అడిగాడు, తరువాత బతిమాలాడు, ఆ తరువాత కళ్ళలో ఏమీ లేకుండా పోయింది. నుదుటినుంచి చెమట కారి గడ్డం మీదికి వచ్చింది. ఆమె తల దించుకుని కాగితం చూసింది, అక్షరాలు అలుక్కుపోయాయి. ఎంతసేపో ఆమెకే తెలియదు. చివరికి మిరేయ్‌కు భయం వేసి, ఆయన చేతిలోంచి గొడుగు లాక్కుని తన తరువాతి మాట అనేసింది. నాటకం మళ్ళీ కదిలింది.

తెర పడ్డాక చప్పట్లు ఆగలేదు. నటులు జనానికి నాలుగుసార్లు వంగి దండం పెట్టారు. ప్రాంప్టర్‌కు వంగడాలుండవు, ఆమెకు బూట్లు కనబడతాయి, అంతే. గాస్తోన్ బూట్లు గూటి పక్కనుంచే వెళ్ళాయి. ఒక్క క్షణం కూడా ఆగలేదు.

శనివారం పత్రికల్లో వచ్చింది. ‘మీరెవరన్న ప్రశ్నకు జవాబు చెప్పలేని ఆ మౌనంలో మన శతాబ్దమంతా నిలబడి ఉంది’ అని ఒకాయన రాశాడు. శతాబ్దమెక్కడ నిలబడింది, నా మొహం! నిలబడింది గాస్తోన్, చొక్కా వీపుకు అంటుకుపోయి. ఎద్దు పుండు కాకికి ముద్దు అని ఊరికే అన్నారా?

రెమి పత్రిక ఊపుకుంటూ వచ్చి గాస్తోన్‌ను కౌగిలించుకున్నాడు.

“గురువుగారూ, నేను రాయలేకపోయింది మీరు ఆడి చూపించారు! ఎలా తోచింది మీకు?”

“తోచింది,” అన్నాడు గాస్తోన్.

“ఇవాళ కూడా అచ్చం అలాగే కావాలి. అదే చెమట, అదే చూపు. కిందికి చూశారు చూడండి, పాతాళంలోకి చూసినట్టు! అది మాత్రం తప్పకూడదు.”

ఎర్ర సిరాతో సొలాంజ్ ప్రతిలో తనే రాశాడు: ‘చాలాసేపు నిశ్శబ్దం.’ రాసి, ఆమె భుజం తట్టాడు. “చూశారా మదామ్, మీరు నోరు మూసుకుంటే ఎంత మేలు జరిగిందో!”

ఆట మొదలు కాబోయే ముందు, స్టేజీ కిందికి దిగే మెట్ల మీద గాస్తోన్ ఆమెను ఆపాడు.

“ఎందుకివ్వలేదు?”

రాసిన నిశ్శబ్దమనుకున్నానని అబద్ధమాడవచ్చు. ఆయన నమ్మేవాడేమో కూడా.

“భయపడ్డాను,” అంది సొలాంజ్.

“నన్ను చూశారు కదూ?”

“చూశాను. మీకు తప్పిపోయిందని మీకంటే ముందు నాకే తెలుసు. గూడు మూయించేస్తానన్నాడు. నా గూడు చూసుకున్నాను.”

గాస్తోన్ తలాడించాడు. కోప్పడితే బాగుండునని ఆమెకు అనిపించింది.

“నలభై ఐదేళ్ళలో చాలాసార్లు పడ్డాను. ప్రతిసారీ ఎవరో ఒకరు అక్కడినుంచి చెయ్యిచ్చారు. వాళ్ళలో సగం మంది పేర్లు కూడా నాకు తెలియవు. నిన్న మీ మొహం కనబడుతూనే ఉంది, మనిషి మాత్రం లేదు.” టోపీ చేతిలో తిప్పుకున్నాడు. “ఇప్పుడు అక్కడ రోజూ ఆగమంటున్నాడు. ఆగడం నాకు వచ్చండీ. మళ్ళీ మొదలెట్టడమే రావడం లేదు.”

ఆమె ఆయన చెయ్యి పట్టుకోబోయింది. ఆయన అప్పటికే మెట్లెక్కుతున్నాడు. ఆ సాయంత్రం ఆట గట్టెక్కింది.

ఆదివారం ఆట మధ్యాహ్నం మూడు గంటలకు. పేటలోని ముసలమ్మలు, విద్యార్థులు, పత్రిక చదివి వచ్చినవాళ్ళు. గొప్ప నిశ్శబ్దం వచ్చింది, దానికోసమే వచ్చినవాళ్ళు కుర్చీల్లో ముందుకు జరిగారు, అది గడిచింది. సొలాంజ్ ఊపిరి పీల్చుకుంది. ఇంక పది పేజీలే.

“కూర్చోండి, బయట వాన,” అంది మిరేయ్.

‘వాన తగ్గాక వెళ్ళిపోతాను.’ పసిపిల్లలకైనా నోటికి వచ్చే మాట. గాస్తోన్ భుజాలు లేచాయి.

“వాన తగ్గాక…” అని ఆమె వెంటనే అందించింది. ఆలోచించలేదు. ఆలోచిస్తే ఇంకోసారి కాగితంలోకి తల దూర్చేదే. ఊపిరి మీద మెత్తగా ఇచ్చింది, ఆయనకు అందలేదు. ఇంకాస్త గట్టిగా ఇచ్చింది. ఆయన చూపు గూటి మీదినుంచి జారి ఎక్కడికో పోతోంది. ఆమెకు పని నేర్పినావిడ అనేది, ప్రాంప్టర్ గొంతు మూడో వరసకు వినబడితే ఆ పూట ముద్ద దిగకూడదని.

“వాన తగ్గాక!” అంది సొలాంజ్, చివరి వరసకు వినబడేలా.

హాలు బిగుసుకుపోయింది. గాస్తోన్ ఉలిక్కిపడి, నిద్ర లేచినవాడిలా చుట్టూ చూశాడు. తరువాత రెండడుగులు ముందుకు వచ్చాడు, టోపీ తీశాడు, గూటి ముందు నడుం వంచాడు. కళ్ళలో మనిషి తిరిగి వచ్చాడు.

“మీ దయ, మదామ్,” అన్నాడు.

అని, మిరేయ్ వైపు తిరిగి, “వాన తగ్గాక వెళ్ళిపోతాను,” అన్నాడు.

ముందు ఒక ముసలమ్మ నవ్వింది. తరువాత హాలంతా నవ్వింది, ఆపైన చప్పట్లు. సొలాంజ్‌కు అవేవీ పట్టలేదు. ఇరవయ్యొమ్మిదేళ్ళలో ఎవరూ ఆమెతో ఆ మాట అనలేదు. ఏడుస్తూనే చివరి పది పేజీలు వేలితో దాటించింది.

ఆట అయ్యాక కోటు తొడుక్కుని, ఇటుక గుడ్డలో చుట్టుకుంటుండగా రెమి స్టేజీ కిందికి దూకినంత పని చేశాడు. వెనకే మదామ్ పెర్నెల్, ఆవిడ వెనక రంగు తుడుచుకుంటూ గాస్తోన్.

“వెళ్ళిపోతున్నానండీ, అరవక్కర్లేదు,” అంది సొలాంజ్.

“వెళ్ళడమేమిటి! విన్నారా ఆ చప్పట్లు? మనిషికి తన మాట తనది కాదు, కింద చీకట్లోంచి ఎవరో అందిస్తారు! ఆయన దానికి దండం పెడతాడు! ఇన్నాళ్ళూ ఇది నాకెందుకు తట్టలేదు?” ఆయన అప్పుడే ఆమె ప్రతి తెరిచి ఎర్ర సిరాతో రాసేస్తున్నాడు. “‘గొంతు: వాన తగ్గాక. ముసలాయన: మీ దయ, మదామ్.’ రోజూ ఇక్కడ ఇదే. మీ పేరు కార్యక్రమం కాగితం మీద వేయిస్తాను.”

సొలాంజ్‌కు ఒళ్ళు మండింది. మొన్న రెమి గాస్తోన్ నిశ్శబ్దం తీసుకున్నాడు, ఇవాళ గాస్తోన్ దండం తీసుకుంటున్నాడు. అది నాటకంలోది కాదు, మా ఇద్దరిదీ అనబోయింది. కోటు బొత్తాలు పెట్టుకుని నిచ్చెన వైపు కదిలింది కూడా. అప్పుడు గాస్తోన్ కనిపించాడు. గోడకు ఆనుకుని, చేతిలో రంగు గుడ్డ నలుపుతున్నాడు. బొటనవేలు దాని అంచు మీద పైకీ కిందికీ పోతోంది.

“రోజూ ఒకే చోటైతే నాలుగో రోజుకు జనానికి తెలిసిపోతుంది, మొస్యూ,” అంది సొలాంజ్.

రెమి కలం ఆగింది.

“నాకు తోచిన చోటల్లా అందిస్తాను. ఇవాళ ఒక చోట, రేపు ఐదు చోట్ల. ఎక్కడో నాకే ముందు తెలియదు. అలాగైతే ఉంటాను.”

“నటుడికి కూడా తెలియకుండానా?”

“ఆయనకు అసలే తెలియదు.”

“అద్భుతం!” అని రెమి కేకేశాడు. “మదామ్, మీలో నాటకకర్త ఉన్నాడు!”

“ఉంటే ఉన్నాడులెండి, మీరు మాత్రం వడ్రంగికి కబురు పెట్టండి, రావద్దని.”

మదామ్ పెర్నెల్ దగ్గు వచ్చినట్టు మొహం తిప్పుకుంది. గాస్తోన్ మాత్రం సొలాంజ్‌నే చూస్తున్నాడు. ఆయనకు అర్థమైంది. ఆమెకు జీవితమంతా పరువంటే వినబడకపోవడమే, ఆ పరువు ఆమె ఎవరికోసం వదులుకుందో అర్థమైంది. గుడ్డ మడతపెట్టి జేబులో పెట్టుకున్నాడు.

మంగళవారం మూడుసార్లు ఇచ్చింది. మూడుసార్లూ నవ్వారు. ఒకసారి ఆయన కంటికొనలోంచి నవ్వాడు కూడా, దొంగతనం కలిసి చేసినవాళ్ళలా.

బుధవారం హాలు నిండిపోయింది. గూట్లో గొంతుందట, ముసలాయన దండం పెడతాడట అని ఊరంతా పాకింది. ఆ పూట గాస్తోన్ మెట్లెక్కేటప్పుడే ఏ గుమ్మంలోంచి రావాలో మిరేయ్‌ను అడిగాడు. గూట్లోంచి సొలాంజ్ అదంతా విని, దీపం దగ్గరికి జరుపుకుంది.

మొదటి పేజీలోనే ఇచ్చింది. మూడో పేజీలో ఇచ్చింది. రెండు మాటలు చాలక మొత్తం వాక్యాలు ఇచ్చింది. ఒక దగ్గర మిరేయ్ పేరు ఇచ్చింది, ఒక దగ్గర గొడుగు అన్న మాట ఇచ్చింది, గొడుగు ఆయన చేతిలోనే ఉంది. ఇచ్చినప్పుడల్లా హాలు నవ్వింది. మొదటి వరసలో ఒకాయన కళ్ళు తుడుచుకుంటూ నవ్వాడు. వెనక గోడ దగ్గర రెమి ఏదో రాసుకుంటున్నాడు. మిరేయ్ నవ్వడం మానేసింది. ఆయనకు నిజంగానే మాటలు తప్పిపోతున్నాయని ఆ పిల్లకు ఇప్పుడే తెలిసింది.

“కూర్చోండి, బయట వాన.”

“వాన తగ్గాక వెళ్ళిపోతాను,” అని సొలాంజ్ ఒక్క ముక్క వదలకుండా మొత్తం ఇచ్చింది.

గాస్తోన్ గూటి ముందుకు వచ్చాడు. టోపీ తీశాడు, నడుం వంచాడు. హాలంతా మెడలు చాచింది, దానికోసమే టికెట్లు కొన్నవాళ్ళు. ఆయన అలాగే వంగి ఉండిపోయాడు. భుజాలు లేచాయి. ఆయన మొహం ఆమె మొహానికి మూరెడు దూరంలో ఉంది, ఆ కళ్ళు ఆమెను చూస్తున్నాయి గాని ఆనవాలు పట్టడం లేదు.

సొలాంజ్ ఒక ఊపిరి చూసింది. రెండు చూసింది. అంతకంటే చూడలేకపోయింది.

“మీ దయ…” అంది, ఆయనకు మాత్రమే వినబడేలా.

అందలేదు. ఆమె గొంతు సవరించుకుంది.

“మీ దయ, మదామ్,” అని అందరికీ వినబడేలా అందించింది.

“మీ దయ, మదామ్,” అని గాస్తోన్ అప్పజెప్పాడు.

హాలు విరగబడి నవ్వింది. సొలాంజ్ తరువాతి మాట మీద వేలు పెట్టి, ఆయన భుజాలు దిగేదాకా కనిపెట్టుకుని కూర్చుంది.